తక్కువ ఖర్చులో పెళ్లిపిలుపు: వైశాలి నగర్ తెలుగువారికి ఒక కరదీపిక

డిజిటల్ శుభలేఖ అంటే కాగితం, కవరు, స్టాంపు లేకుండా ఫోనులో వెళ్లే పెళ్లిపిలుపు. దీనికయ్యే ఖర్చు రెండు రకాలు. మొదటిది రూపాయల్లో అయ్యేది. దాన్ని దాదాపు సున్నాకు దించవచ్చు. రెండోది మర్యాదలో అయ్యేది. అందులో ఇవాళ మిగిల్చుకున్నది పెళ్లయ్యాక ఇరవై ఏళ్లపాటు వడ్డీతో సహా కట్టాల్సి వస్తుంది. మొదటి ఖర్చు తగ్గించుకుంటూ రెండోది పెరగకుండా చూసుకోవడమే పిలుపు పద్ధతిని ఎంచుకోవడంలోని అసలు విద్య.

ఛత్తీస్‌గఢ్‌లోని భిలాయిలో ఉన్న వైశాలి నగర్‌లో ఈ లెక్క మిగతా ఊళ్లకన్నా కాస్త చిక్కు. భిలాయి ఉక్కు కర్మాగారానికి సోవియట్ యూనియన్‌తో 1955లో ఒప్పందం కుదిరింది. మొదటి బ్లాస్ట్ ఫర్నేసును 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ ప్రారంభించారు. పని వెతుక్కుంటూ శ్రీకాకుళం, విశాఖ వైపు నుంచి వచ్చిన కుటుంబాలు సెక్టార్ల క్వార్టర్లలో కాపురం పెట్టాయి. క్వార్టరు కంపెనీది, రిటైరైతే ఖాళీ చేయాలి. ఖాళీ చేసి ఊరికి వెళ్లలేనివాళ్లూ, వెళ్లాలనిపించనివాళ్లూ టౌన్‌షిప్ దాటి సుపేలా, నెహ్రూ నగర్, వైశాలి నగర్ వైపు సొంతిళ్లు కట్టుకున్నారు. ఆ ఇళ్లలో ఇప్పుడు మూడో తరం పెళ్లీడుకొచ్చింది. తాత తెలుగు గడగడా చదువుతాడు. తండ్రి కూడబలుక్కుని చదువుతాడు. పెళ్లికొడుకు తెలుగు మాట్లాడతాడు గానీ, శుభలేఖ మీద తన పేరు ఎక్కడుందో ఎవరైనా వేలు పెట్టి చూపిస్తే తప్ప కనుక్కోలేడు.

పిలవాల్సినవారు

ఖర్చు తగ్గించడం జాబితాతో మొదలవుతుంది. వైశాలి నగర్ తెలుగు ఇంటి జాబితాలో నాలుగు వర్గాలుంటాయి.

మొదటిది వీధి. ఎదురింట్లో ఛత్తీస్‌గఢీ కుటుంబం, పక్కింట్లో బెంగాలీలు, వెనకింట్లో మలయాళీలు. భిలాయిని మినీ ఇండియా అనడం ఊరికే కాదు. వీళ్లను గేటు దగ్గర నిలబడి పిలవవచ్చు. ఖర్చు లేదు, టీ కూడా వాళ్లే ఇస్తారు. ఇరవై అడుగుల దూరంలో ఉన్న మనిషికి వాట్సాప్‌లో పిలుపు పంపితే మాత్రం పెళ్లి అయ్యేదాకా గేటు దగ్గర తలెత్తి చూడలేరు.

రెండోది ప్లాంటు. తండ్రితో కలిసి పనిచేసినవాళ్లు, తాతతో కలిసి పనిచేసినవాళ్లు, ఇద్దరితోనూ పనిచేశానని చెప్పుకునేవాళ్లు. వీళ్లు షిఫ్టుల ప్రకారం దొరుకుతారు. ఉదయం షిఫ్టు 6 నుంచి 2, మధ్యాహ్నం షిఫ్టు 2 నుంచి 10, ఆపైన నైట్. నైట్ చేసి వచ్చినవాణ్ని ఉదయం పదకొండింటికి ఫోనులో పిలిస్తే, పిలుపు అందుతుంది గానీ ఆశీర్వాదం అందదు.

మూడోది సొంతూరు. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ వైపున్న పెదనాన్నలు, మేనత్తలు, బావలు. మర్యాద ఖర్చులో ముప్పాతిక వంతు ఇక్కడే ఉంటుంది.

నాలుగోది హైదరాబాదు, బెంగళూరు, అమెరికా. వీళ్లకు ఏది పంపినా చాలు. జవాబుగా దణ్ణం పెడుతున్న రెండు చేతుల గుర్తు పంపుతారు, లెక్క తేలిపోతుంది.

కాగితం పూర్తిగా పోదు

ఎంత డిజిటల్ పెళ్లయినా కొన్ని కార్డులు చేత పట్టుకునేవి కావాలి. మొదటి కార్డు దేవుడిది. భిలాయిలో తెలుగువారు సెక్టార్ 5 బాలాజీ గుడిలో పసుపు రాసిన శుభలేఖను స్వామి పాదాల దగ్గర పెట్టించుకుంటారు. తిరుమలకు పోస్టులో కార్డు పంపితే దేవస్థానం అక్షింతలు, కుంకుమ పంపి ఆశీర్వదించే ఆనవాయితీ ఉంది. ఈ రెండు చోట్లా స్క్రీన్‌షాట్ పనికిరాదు.

తర్వాత వియ్యాలవారికి, పురోహితుడికి, రెండు వైపులా బతికున్న పెద్దలకు, సెలవు మంజూరు చేసే అధికారికి. అన్నీ కలిపినా పాతిక దాటవు. అచ్చాఫీసులో పాతిక కార్డులంటే యజమాని ముఖం చిట్లిస్తాడు. ఫోనులో పంపే డిజైన్‌నే మందపాటి కాగితం మీద జెరాక్స్ షాపులో కలర్ ప్రింట్ తీయించి, నాలుగు మూలలా పసుపు అద్దితే పని జరుగుతుంది. పసుపు అద్దిన కార్డును కాగితం నాసిరకమని ఎవరూ వంక పెట్టరు.

అక్షరాల సంగతి

తెలుగు శుభలేఖను భిలాయిలో తయారుచేయించడంలో అసలు పరీక్ష అక్షరాల దగ్గర వస్తుంది. డీటీపీ చేసే కుర్రాడికి హిందీ వచ్చు, ఇంగ్లిష్ వచ్చు, ఎదురుగా కనబడుతున్న తెలుగు సరిగ్గా ఉందో లేదో చెప్పడం మాత్రం రాదు. వాడి కంప్యూటర్లోని ఫొటోషాప్‌లో భారతీయ లిపుల సెట్టింగు ఆన్ చేసి లేకపోతే వత్తులు వత్తుల్లా కూర్చోవు. ‘లక్ష్మి’ కాస్తా ‘లక్‌ష్‌మి’ అవుతుంది. పెళ్లికూతురి పేరు మూడు ముక్కలవుతుంది. కుర్రాడు స్క్రీన్ చూసి తృప్తిగా ‘హో గయా అంకుల్’ అంటాడు.

ఆంధ్రలోని అచ్చాఫీసు నుంచి అను ఫాంట్లలో టైపు చేసిన మేటర్ తెప్పించుకుంటే ఇంకో చిక్కు. ఆ ఫాంటు లేని కంప్యూటర్లో అతికిస్తే అదంతా అర్థంలేని ఇంగ్లిష్ అక్షరాలుగా మారిపోతుంది. చూసినవాళ్లు ఎవరిదో పాస్‌వర్డ్ అనుకుంటారు.

దీనికి మందు యూనికోడ్, అదీ ఉచితంగా. గూగుల్ ఫాంట్స్‌లో పెద్దన, తిమ్మన, ధూర్జటి, మల్లన్న, సూరన్న, రామభద్ర, రామరాజ, తెనాలి రామకృష్ణ పేర్లతో తెలుగు ఫాంట్లున్నాయి. వీళ్లకు తోడు శ్రీకృష్ణదేవరాయ పేరుతో కూడా ఒకటుంది. అంటే రాయలవారి భువనవిజయం సభ మొత్తం పైసా పుచ్చుకోకుండా పెళ్లిపిలుపు రాసిపెడుతుంది. అయితే తొమ్మిదిమందినీ ఒకే కార్డులో కూర్చోబెట్టకూడదు. పేర్లకు ఒకటి, మిగతా సంగతులకు ఒకటి, రెండు ఫాంట్లు చాలు.

డిజైనుకు కాన్వా లాంటి యాప్‌లలో ఉచిత నమూనాలు దొరుకుతాయి. అక్కడ జాగ్రత్తపడాల్సింది వాటర్‌మార్క్ గురించి. నమూనా ఉచితమే, అందులోని ఏనుగు ఉచితం కాదు. డబ్బు కట్టకుండా దించుకుంటే ఏనుగు మీదుగా, ఒక్కోసారి పెళ్లికొడుకు మీదుగా కూడా, కంపెనీ గుర్తు అడ్డగీతలుగా పడుతుంది. ఏనుగును తీసేసి మామిడాకుల తోరణం పెట్టుకుంటే సరి. కృత్రిమ మేధతో బొమ్మ వేయించేవాళ్లు అందులో తెలుగు అక్షరాలు మాత్రం వేయించకూడదు. దూరం నుంచి తెలుగులా, దగ్గరికొస్తే కన్నడంలా, ఇంకా దగ్గరికొస్తే జిలేబీలా కనిపించే లిపి తరచుగా అలాగే పుడుతుంది.

తిథి, వారం, వేళ

హిందీ, తెలుగు రెండు భాషల్లో పిలుపు వేసే ఇళ్లు నెల పేరును చూసుకోవాలి. తెలుగువారి నెల అమావాస్యతో ముగుస్తుంది, ఉత్తరాదివారి నెల పౌర్ణమితో ముగుస్తుంది. అందువల్ల బహుళ పక్షంలో పెళ్లయితే రెండు పంచాంగాల్లో నెల పేరు వేరుగా ఉంటుంది. ఒకే శివరాత్రి తెలుగువారికి మాఘ బహుళ చతుర్దశి, ఉత్తరాదివారికి ఫాల్గుణ కృష్ణ చతుర్దశి. పెళ్లి మాఘమాసంలో అని తెలుగులోనూ, ఫాల్గుణంలో అని హిందీలోనూ వేస్తే రెండూ నిజమే. ఒకే నెల పేరు రెండు చోట్లా వేస్తేనే ఒకటి తప్పు. ఈ సంగతి పక్కింటి పెద్దాయనకు గేటు దగ్గర వివరించడం కన్నా ఇంగ్లిష్ తేదీని పెద్ద అక్షరాల్లో వేయడం తేలిక.

వేళ ఇంకా ప్రమాదం. తెలుగు ముహూర్తాలు నడిరాత్రి దాటాక రావడం మామూలే. ముహూర్తం గురువారం రాత్రి 2 గంటల 14 నిమిషాలకు అనుకుందాం. పంచాంగానికి రోజు సూర్యోదయంతో మొదలవుతుంది కాబట్టి తెలుగు కార్డు ‘గురువారం రాత్రి, తెల్లవారితే శుక్రవారం’ అంటుంది. ఫోను క్యాలెండరుకు రోజు అర్ధరాత్రితో మొదలవుతుంది కాబట్టి అది శుక్రవారం 2:14 అంటుంది. హిందీ అనువాదంలో ‘రాత్రి’ అనే మాట జారిపోతే, ఉదయం షిఫ్టు చేసే మిత్రుడు శుక్రవారం మధ్యాహ్నం 2 గంటలకు డ్యూటీ దిగి, కానుక కవరు జేబులో పెట్టుకుని, సరిగ్గా 2:14కి మండపం చేరతాడు. అప్పటికి అక్కడ షామియానా విప్పుతున్నవాళ్లు తప్ప ఎవరూ ఉండరు. కవరు ఎవరికివ్వాలో తెలియక ఆయన పడే అవస్థకు పిలుపు రాసినవాళ్లదే బాధ్యత.

దీనికి పరిష్కారం ముహూర్తాన్నీ భోజనాన్నీ విడివిడిగా వేయడం. ‘విందు: గురువారం రాత్రి 7:30 నుంచి’ అన్న వరుస పైన ఉండాలి. తలంబ్రాలు పడేదాకా మేలుకునేవాళ్లు కింది వరుస ఎలాగూ చదువుకుంటారు.

బొమ్మ, పీడీఎఫ్, వీడియో, వెబ్‌సైట్

పిలుపును ఏ రూపంలో పంపాలన్నది తర్వాతి ప్రశ్న.

బొమ్మ అన్నిటికన్నా చవక, అన్నిటికన్నా భద్రం. దానికున్న జబ్బు ఒకటే. వాట్సాప్‌లో మామూలు ఫొటోగా పంపితే కుదించుకుపోతుంది. ఆహ్వానించేవారి పేర్లు, మనుమలు, మనుమరాళ్లు, బంధుమిత్రుల అభినందనలు ఉన్న కింది భాగం మసకబారుతుంది. చినమావయ్య తన పేరు మసకబారడాన్ని సాంకేతిక లోపంగా భావించడు. 2023 నుంచి వాట్సాప్‌లో హెచ్‌డీ ఫొటోగా పంపే సదుపాయం ఉంది. డాక్యుమెంటుగా పంపితే అసలు కుదించుకుపోదు.

పీడీఎఫ్ స్పష్టంగా ఉంటుంది గానీ దాన్ని నొక్కి తెరవాలి. పెద్దవాళ్లలో చాలామంది నొక్కరు. కరెంటు బిల్లనుకుంటారు.

వీడియో ఖర్చుతోనూ, ఓపికతోనూ కూడిన పని. సన్నాయి మొదలవుతుంది, వినాయకుడు గిర్రున తిరుగుతాడు, తలుపులు తెరుచుకుంటాయి, నెమలి వస్తుంది, ఆ తలుపుల వెనక ఇంకో జత తలుపులు తెరుచుకుంటాయి. తేదీ చివరి ఐదు సెకన్లలో వస్తుంది. చూసేవాళ్లు వినాయకుడికి దణ్ణం పెట్టుకుని అక్కడితో ఆపేస్తారు. వీడియో చేయించి తీరాలనుకుంటే తేదీ, ఊరు మొదటి ఐదు సెకన్లలో రావాలి, నెమలి తర్వాత వచ్చినా నష్టం లేదు.

వెబ్‌సైటును గూగుల్ సైట్స్‌లో ఉచితంగా కట్టుకోవచ్చు. అమెరికా బంధువులకు పార్కింగ్, హోటళ్ల వివరాలు చెప్పడానికి అది బాగా పనికొస్తుంది. వైశాలి నగర్ పెద్దలకు పనికిరాదు. ఐదేళ్లుగా పిల్లలే వాళ్లను కూర్చోబెట్టి, ఏ లింకూ నొక్కకు, ఎవరు పంపినా నొక్కకు అని నూరిపోశారు. ఇప్పుడు అదే పిల్లలు లింకు పంపితే వాళ్లు నొక్కరు. నేర్పినది ఒంటబట్టిందని సంతోషించాలి.

వీటిలో ఒక్కటే చాలదు. మర్యాదకు బొమ్మ, సమాచారానికి అక్షరాలు. బొమ్మ కిందే నాలుగు వరుసల మామూలు మెసేజ్ ఉండాలి. వధూవరుల పేర్లు, తేదీ వేళలు, మండపం పేరుతో పాటు మ్యాపు గుర్తు, ఫోను నంబరు. దుర్గ్ స్టేషన్లో దిగి ఆటో ఎక్కినవాడు బొమ్మను వేళ్లతో సాగదీసి మండపం పేరు వెతకడు. ఆ మెసేజ్‌నే చదివి ఆటోవాడికి వినిపిస్తాడు. అందుకే ఆ నాలుగు వరుసలు హిందీలో కూడా ఉండాలి.

ఎలా పంపాలి

ఎస్సెమ్మెస్: ఇంగ్లిష్ అక్షరాల్లో ఒక ఎస్సెమ్మెస్‌కు 160 స్థానాలుంటాయి. తెలుగులో రాస్తే 70 మాత్రమే. అందులోనూ కంటికి కనిపించే అక్షరాలను కాక లోపలి ముక్కలను లెక్కిస్తారు. ‘శ్రీ’ ఒక్కటే నాలుగు స్థానాలు తింటుంది. ‘శ్రీరస్తు శుభమస్తు అవిఘ్నమస్తు’ అనేసరికి 30 అయిపోతాయి. ఖాళీ వదిలి ‘చిరంజీవి లక్ష్మీ సౌభాగ్యవతి’ అంటే 58. మిగిలిన 12లో పెళ్లికూతురి పేరు పట్టాలి. పెళ్లికొడుకు రెండో ఎస్సెమ్మెస్‌లో వస్తాడు, ముహూర్తం మూడోదాంట్లో. నెట్‌వర్క్ బాగాలేని చోట వరుస తప్పి ముహూర్తం ముందొచ్చి, పెళ్లికొడుకు మర్నాడు రావచ్చు. స్మార్ట్‌ఫోను లేని పెద్దలకు ఎస్సెమ్మెస్ కన్నా ఫోను చేయడమే మేలు.

వాట్సాప్ ఫార్వర్డ్: ఒకసారికి ఐదు చాట్‌లకే పంపగలం. భారతదేశంలో ఈ పరిమితి 2018లో మొదలైంది, 2019లో ప్రపంచమంతటికీ వర్తించింది. మూడు వందల ఇళ్లకు అరవై విడతలు. అంతకన్నా పెద్ద బాధ, చేతులు మారిన కొద్దీ మెసేజ్ నెత్తిన బాణం గుర్తు పడటం. అయిదారు చేతులు మారితే ‘చాలాసార్లు ఫార్వర్డ్ చేసినది’ అన్న ముద్రతో రెండు బాణాలు పడతాయి, అక్కణ్నుంచి ఒకసారికి ఒక్క చాట్‌కే వెళ్తుంది. మేనత్తకు మేనల్లుడి పెళ్లిపిలుపు, కాకరకాయ రసంతో షుగరు తగ్గుతుందన్న మెసేజ్ ఒకే ముద్రతో, ఒకదాని కింద ఒకటి చేరతాయి. ఫార్వర్డ్ చేయకుండా గ్యాలరీ నుంచి కొత్తగా జతచేసి పంపితే బాణం పడదు.

బ్రాడ్‌కాస్ట్ లిస్టు: ఒక జాబితాలో 256 మంది. ప్రతివాళ్లకూ విడిగా పంపినట్టే చేరుతుంది, మిగతావాళ్లు ఎవరో తెలియదు. తక్కువ ఖర్చులో మర్యాద దక్కించే సాధనం ఇదే. షరతు ఒక్కటి. పంపేవారి నంబరు అందుకునేవారి ఫోనులో సేవ్ అయి ఉండాలి, లేకపోతే అందదు. ఎవరి ఫోనులో మన పేరు ఉందో, ఎవరి ఫోనులో లేదో పెళ్లి పుణ్యమా అని బయటపడుతుంది. ఒకే టిక్కు పడి ఆగిపోయిన పేర్లను రాసుకుని ఆ ఇళ్లకు ఫోను చేయాలి. ‘నా నంబరు మీ దగ్గర లేదా?’ అని మాత్రం అడగకూడదు, పెళ్లి ముందు గొడవెందుకు.

గ్రూపు: 1,024 మంది దాకా చేర్చుకోవచ్చు. అడ్మిన్ మాత్రమే రాసే సెట్టింగు పెట్టకపోతే మొదటి గంటలో ‘శుభాకాంక్షలు’ నూటయాభై, రెండో గంటలో రెండు రాజకీయ వీడియోలు వస్తాయి. 2022 నుంచి ఎవరైనా గ్రూపు వదిలి వెళ్తే ఆ కబురు అడ్మిన్‌కే వెళ్తుంది. అంటే పెదబావ అలిగి వెళ్లిపోయిన విషయం పెళ్లికూతురి తండ్రి ఒక్కడే మోయాలి. గ్రూపు పిలుపుకు పనికిరాదు. పిలిచాక రైళ్ల వేళలు, మండపం దారి చెప్పడానికి పనికొస్తుంది.

స్టేటస్: 24 గంటలు ఉంటుంది, ఖర్చు లేదు, శ్రమ లేదు, పిలిచినట్టు కూడా కాదు. స్టేటస్ చూసి పెళ్లికొచ్చేవాళ్లు పిలవని పేరంటానికి వచ్చినట్టు నొచ్చుకుంటారు. రానివాళ్లు పిలవలేదని నొచ్చుకుంటారు. రెండు నష్టాలూ కలిపి ఇచ్చే పద్ధతి ఇదొక్కటే.

ఎప్పుడు పంపాలి

వైశాలి నగర్ పెళ్లికి ఊరి బంధువులు రైల్లో రావాలి. 2024 సెప్టెంబరులో దుర్గ్, విశాఖల మధ్య వందేభారత్ మొదలయ్యాక ప్రయాణం ఇంచుమించు ఎనిమిది గంటలకు దిగింది. 2024 నవంబరు 1 నుంచి రైల్వే ముందస్తు రిజర్వేషన్ గడువు 120 రోజుల నుంచి 60 రోజులకు తగ్గింది. పిలుపు ఎప్పుడు పంపాలో ఈ 60 తేలుస్తుంది.

పెళ్లికి 65 రోజుల ముందు ఒక చిన్న మెసేజ్ వెళ్లాలి. తేదీ, ఊరు, బుకింగ్ ఏ రోజు తెరుచుకుంటుందో చాలు. ఆలస్యంగా పిలిస్తే ‘టికెట్లు దొరకలేదమ్మా’ అన్న సమాధానం వస్తుంది, అది నిజమే అవుతుంది. ముందే పిలిస్తే అదే సమాధానం వస్తుంది గానీ చెప్పేవాళ్లు కాస్త తడబడతారు. మూడు వారాల ముందు పూర్తి శుభలేఖ, మూడు రోజుల ముందు మ్యాపు. పెళ్లిరోజు ఉదయం ఏమీ పంపనక్కర్లేదు. ఆ రోజు ఫోను ఎక్కడుందో పెళ్లివారికే తెలియదు.

మోసాలు, చదివింపులు

2024 నవంబరులో హిమాచల్ ప్రదేశ్ సైబర్ పోలీసులు ఒక హెచ్చరిక జారీ చేశారు. పెళ్లిపిలుపు పేరుతో వాట్సాప్‌లో ఏపీకే ఫైలు వస్తుందని, దాన్ని ఇన్‌స్టాల్ చేస్తే ఫోను మోసగాళ్ల చేతికి పోతుందని. కాబట్టి నిజమైన పెళ్లివారు బొమ్మ, పీడీఎఫ్, వీడియో తప్ప ఇంకే ఫైలూ పంపకూడదు. కొత్త నంబరు నుంచి పంపకూడదు. బొమ్మకు ముందు ఎవరి పెళ్లో, ఎవరు పంపుతున్నారో ఒక వరుస ఉండాలి. మోసపోతే ఫోను చేయాల్సిన నంబరు 1930.

చదివింపుల విషయం కూడా ఇక్కడే చెప్పుకోవాలి. 2021 జనవరిలో మదురైలో ఒక కుటుంబం శుభలేఖ మీదే యూపీఐ క్యూఆర్ కోడ్ వేసి వార్తల్లోకెక్కింది. కరోనా కాలం కాబట్టి దానికో అర్థముంది. భిలాయి తెలుగు ఇంట్లో అదే పని చేస్తే పిలుపు కాస్తా బిల్లు అవుతుంది. రాలేనివాళ్లు వాళ్లంతట వాళ్లే నంబరు అడుగుతారు. అడిగినప్పుడు ఒకసారి ‘అయ్యో, అవన్నీ ఎందుకండీ’ అని, రెండోసారి చెప్పాలి.

వస్తున్నారా, లేదా

భోజనాల లెక్క కోసం గూగుల్ ఫారం పంపవచ్చు, ఖర్చు లేదు. అయితే ‘అవును’, ‘కాదు’ అన్న రెండు గడులతో తెలుగువారి సమాధానం రాబట్టలేం. ‘చూద్దాం’ అంటే సగం మంది వస్తారు. ‘తప్పకుండా వస్తాం’ అంటే మగవాళ్లు మాత్రం వస్తారు. ‘మన ఇంటి పెళ్లికి మేం రాకపోతే ఎలా’ అంటే ఒకరోజు ముందే, ఇద్దరు అదనంగా వస్తారు. ‘టికెట్లు దొరికితే’ అంటే రారు. ఫారం తెరవనివాళ్లు అయిదుగురు వస్తారు. వంటవాడికి చెప్పాల్సిన అంకె ఫారంలోంచి కాక ఇలాంటి లెక్కలోంచే రావాలి.

రాలేనివాళ్ల కోసం ప్రత్యక్ష ప్రసారం కూడా ఉచితంగా చేయవచ్చు. జూమ్ ఉచిత ఖాతా 40 నిమిషాలకు తెగిపోతుంది. పుణ్యాహవచనంతో మొదలుపెడితే గౌరీపూజ దగ్గరే ఆగిపోతుంది, జీలకర్ర బెల్లం కనబడదు. గూగుల్ మీట్ ఒక గంట ఇస్తుంది. యూట్యూబ్‌కు కాలపరిమితి బాధ లేదు గానీ, ఫోను నుంచి లైవ్ ఇవ్వాలంటే ఛానెల్‌కు కనీసం 50 మంది చందాదారులుండాలి, లైవ్ సదుపాయం తెరుచుకోవడానికి 24 గంటలు పట్టవచ్చు. ఆ యాభైమందిని పెళ్లి పనుల్లో కాకుండా శుభలేఖలు పంపే నాడే చేర్పించుకోవాలి.

తప్పొప్పులు

అచ్చుకార్డులో తప్పు దొర్లితే పెన్నుతో దిద్దేవారు. వాట్సాప్‌లో మెసేజ్‌ను 15 నిమిషాల్లోపు దిద్దవచ్చు. రెండు రోజులు దాటేవరకు అందరికీ కనబడకుండా తొలగించవచ్చు. బొమ్మలో తప్పుంటే దిద్దడం కుదరదు, తొలగించి మళ్లీ పంపాలి. ‘ఈ మెసేజ్ తొలగించబడింది’ అన్న వరుస చూసి పెళ్లి ఆగిపోయిందని అనుకునే బంధువు ప్రతి కుటుంబంలో ఒకరుంటారు. కొత్త బొమ్మ ముందు పంపి, తర్వాత పాతది తీసేయాలి. అసలు పంపకముందే తాత చేత ఒకసారి, హిందీ భాగాన్ని పక్కింటివారి చేత ఒకసారి చదివించుకుంటే ఈ తంటా ఉండదు.

బడ్జెట్

మూడు వందల ఇళ్లనుకుందాం. కార్డు, కవరు, స్టాంపు కలిపి ఇంటికి 20 రూపాయలు వేసుకున్నా పాత పద్ధతిలో 6,000 అవుతుంది. కొత్త పద్ధతిలో ఫాంట్లు, డిజైను, పంపడం సున్నా. పాతిక కలర్ ప్రింట్లకు ఒక 500. బొట్టు పెట్టి పిలవాల్సిన ఇళ్లకు సెక్టార్లు, పవర్ హౌస్, రిసాలీ తిరగడానికి పెట్రోలు ఇంకో 500. మొత్తం వెయ్యి. మిగిలింది 5,000.

ఈ వెయ్యిలో లేనిది ఫోను. శ్రీకాకుళం మేనత్తకు బొమ్మ చేరిన మర్నాడు ఆమె ఊళ్లో చెప్పే మాట ఒకటే: ‘బొమ్మొచ్చింది గానీ పిలుపు రాలేదర్రా.’ కాబట్టి బ్రాడ్‌కాస్ట్ వెళ్లిన ప్రతి ఇంటికీ ఒక ఫోను వెళ్లాలి. ఇంటికి నాలుగు నిమిషాల చొప్పున 1,200 నిమిషాలు, అంటే 20 గంటలు. రీచార్జిలో కాల్స్ ఎలాగూ అపరిమితం కాబట్టి రూపాయల్లో దీని ఖర్చు లేదు.

ఈ 20 గంటలు ఇంట్లో ఎవరికి అప్పగించాలన్నదే చివరి నిర్ణయం. పెళ్లికొడుక్కి అప్పగిస్తే ఒక్కో ఇంటికి నలభై సెకన్లలో ముగిస్తాడు. అత్తను పిన్ని అని, పిన్నిని ఆంటీ అని పిలుస్తాడు. తండ్రికి డ్యూటీ. తల్లికి అంతకన్నా పెద్ద డ్యూటీ. రిటైరైన తాతకు అప్పగిస్తే వరుసలు తప్పవు, మర్యాద లోటు రాదు, కానీ ప్రతి ఫోనూ 1959 దాకా వెళ్లి వస్తుంది కాబట్టి 20 గంటలు 60 అవుతాయి. రానన్నవాళ్లలో సగం మంది ఆ మాటలకు కరిగి బయలుదేరుతారు. ఆ భోజనాలకు పైన మిగిలిన 5,000 సరిపోతాయో లేదో వంటవాణ్ని ముందే అడిగి ఉంచుకోవాలి.